ఏడిళ్ళకూ ఒకటే తలుపు

రెవెన్యూలో ముప్పై ఏళ్ళు పనిచేసి దిగిపోయినవాళ్ళకి చెప్పుకోవడానికి ఏదో ఒకటి ఉంటుంది. తుఫానులో జనాన్ని పడవలెక్కించామనో, కలెక్టరుగారు భుజం తట్టారనో చెబుతారు. నేను చెప్పుకోవలసిందల్లా ఒకటే. ఒక మిట్టమధ్యాహ్నం మా ఇంటి బాత్రూం తలుపుని మోపెడ్ మీద అడ్డంగా పెట్టుకుని ఏటిగట్టు మీద ఏడిళ్ళూ తిరిగాను. అదంతా చట్టప్రకారమే చేస్తున్నానని ఆ రోజు నాకు గట్టి నమ్మకం.

నేను అప్పుడు ఆ ఊరికి వీఆర్వోని, అంటే గ్రామ రెవెన్యూ అధికారిని. ఊరు గోదావరి పాయ పక్కనే ఉంటుంది. ఏటికీ ఊరికీ మధ్య ఉన్నదల్లా గట్టే. అది కొన్నిచోట్ల కుంగిందని, వరదలొచ్చేలోపు ఎత్తు పెంచాలని పని మంజూరైంది. ఆ గట్టు మీద చేపలు పట్టుకు బతికేవాళ్ళవి ఏడు పాకలున్నాయి. గట్టు ప్రభుత్వ భూమి, పాకలు తీయక తప్పదు. ఆ మాట కాదనేవాళ్ళు ఊళ్ళో ఎవరూ లేరు, ఆ పాకల్లోవాళ్ళతో సహా.

కాకపోతే తీసేముందు అడగాలి. ఆక్రమణే అయినా సరే, మనిషి కాపురమున్న చోటు నుంచి లేపేముందు "నిన్నెందుకు ఖాళీ చేయించకూడదో చెప్పుకో" అని నోటీసివ్వాలి. పదిహేను రోజులు గడువుపెట్టాలి. వాళ్ళు వచ్చి చెప్పింది వినాలి. విన్నాకే ఉత్తర్వు వేయాలి. గ్రామ సచివాలయంలో కొత్తగా చేరినవాళ్ళకి ఈ పాఠం చెప్పేది నేనే. "నోటీసంటే కాగితం కాదమ్మా, అవతలి మనిషి నోరు" అనేవాణ్ణి. ఆ వాక్యం నా సొంతం. చెప్పేటప్పుడు కళ్ళు కొంచెం మూసుకునేవాణ్ణి కూడా.

తహశీల్దారు మేడంగారు ఏడు నోటీసుల మీదా సంతకాలు పెట్టి నా చేతికిచ్చారు. మనిషి చేతికివ్వాలి, కుదరకపోతే ఇంటికి బాగా కనబడే చోట అంటించాలి, అంటించినట్టు ఫోటో తీసి పంపాలి. ఫోటో మీద ఊరూ తేదీ పడాలి. ఇంతే పని.

మొదటి రోజు మొదటి పాక ముందు మోపెడ్ ఆపానో లేదో, లోపల్నుంచి ప్లాస్టిక్ కుర్చీ వచ్చింది. దాన్ని కొంగుతో తుడిచి మరీ వేశారు. బొండాం కొట్టి చేతిలో పెట్టారు. బొండాం తాగుతూ "మిమ్మల్ని ఇక్కణ్ణించి లేపేస్తున్నాం" అనడం ఎలాగో నాకు ట్రైనింగులో ఎవరూ చెప్పలేదు. గట్టు సంగతీ చేపల సంగతీ మాట్లాడి, మంచినీళ్ళు కూడా తాగి, రెండో పాకకి వెళ్ళాను. అక్కడ టీ ఇచ్చారు. మూడో పాకలో కోడలు చేపలమ్ముకుని అప్పుడే వచ్చినట్టుంది, తట్ట ఇంకా అరుగు మీదే ఉంది. "బాబుగారూ, ఎండలో వచ్చేరు, కూర్చోండి" అని తనే విసనకర్ర పట్టుకుంది. వాళ్ళత్తగారు నులకమంచం మీద నుంచి లేచి నించుంది. డెబ్భై ఏళ్ళ మనిషి నన్ను చూసి లేచి నించుంటే సంచిలో చెయ్యి పెట్టి నోటీసెలా తీస్తాను?

"మగాళ్ళు ఏట్లోకెళ్ళేరండీ. ఏమన్నా పనుంటే చెప్పండి, పంపిస్తాం" అంది కోడలు.

"అబ్బే, ఊరికే వచ్చానమ్మా" అన్నాను.

ఇలా మూడు రోజులు ఊరికే వెళ్ళాను. ఊరికే వెళ్ళి ఏడు నోటీసులూ భద్రంగా ఇంటికి తెచ్చుకున్నాను. మా ఆవిడకి నా సంగతి బాగా తెలుసు. కుక్క కరిస్తే దాని పళ్ళు నొప్పెట్టాయేమోనని కనుక్కునే రకం అంటుంది నన్ను. అది మెచ్చుకోలు అనుకుంటూ పాతికేళ్ళు గడిపాను. నాది మంచితనం కాదని, ఒకరి మొహం చిన్నబోతుంటే ఎదురుగా నిలబడలేని పిరికితనమని ఇప్పుడు ఒప్పుకోవడానికి అభ్యంతరం లేదు.

నాలుగో రోజు ఆఫీసు నుంచి ఫోనొచ్చింది. ఫోటోలేవీ అన్నారు. రేపు పంపుతానన్నాను. చేతికివ్వడం నావల్ల కాదని తేలిపోయింది కనుక అంటించడమే మిగిలింది. అక్కడొక చిక్కొచ్చింది. అంటించడానికి ఆ పాకలకి తలుపుల్లేవు. ఒకదానికి తడిక, ఒకదానికి గోనెపట్టా, ఒకదానికి పాతచీర. గోడలన్నీ తాటాకు దడులు. తాటాకు మీద మైదా జిగురుతో కాగితం నిలవదు, పావుగంటలో గాలికి ఎగిరిపోతుంది.

"దారమెట్టి కట్టేద్దామండీ" అన్నాడు మా తలారి. నాకంటే పెద్దవాడు, నలుగురు వీఆర్వోల్ని చూసినవాడు.

"అంటించవలెను అని ఉందయ్యా. కట్టవలెను అని లేదు" అన్నాను.

"పోనీ చేతికిచ్చేస్తే పోద్ది కదండీ?"

సరైన మాటే అన్నాడు కాబట్టి కోపం తెచ్చుకున్నాను. ఇంటికి వచ్చేసరికి వడ్రంగి మా బాత్రూం పాత తలుపు విప్పి పెరట్లో గోడకి ఆనించి పెట్టాడు. కింద జానెడు మేర నీళ్ళకి నాని కుళ్ళిపోయింది. పైన తువ్వాలు తగిలించుకునే మేకు. మధ్యలో, కంటి ఎత్తున, మా ఆవిడ స్నానానికెళ్ళినప్పుడల్లా నుదుటి మీంచి తీసి అంటించిన స్టిక్కరు బొట్లు, ఎర్రవీ మెరూన్‌వీ కలిపి ఓ డజను. ఆ తలుపుని చూడగానే నా బుర్ర వెలిగింది. అది వెలిగిన ప్రతిసారీ నాకు ఏదో ఒక నష్టం జరిగింది, ఆ సంగతి ఆ క్షణాన గుర్తురాలేదు.

మర్నాడు ఏడిళ్ళవాళ్ళూ అవతలి లంకలో చుట్టాలింట ఓణీల ఫంక్షనుకి పడవలో వెళుతున్నారని ముందే కనుక్కున్నాను. నా సర్వీసులో ఇంత శ్రద్ధగా చేసిన విచారణ మరొకటి లేదు. వాళ్ళ పడవ కనుమరుగయ్యేదాకా ఆగి, తలారీ నేనూ తలుపుతో గట్టెక్కాం. మొదటి పాక గుమ్మానికి తలుపు ఆనించాం. నోటీసు అంటించాం. ఫోటో తీశాను. కాగితం ఊడబీకి, తలుపెత్తుకుని రెండో పాకకి వెళ్ళాం. జిగురు మా ఆవిడే ఉడికించి ఇచ్చింది, ఆవిడ ఏ పని చేసినా గట్టిగా చేస్తుంది. ఏ కాగితమూ సరిగ్గా ఊడలేదు. చిరిగిన ముక్కల్ని ఉండచుట్టి మోపెడ్ డిక్కీలో పడేశాను. రేపు ఇంకో కాపీ తీసి అందరికీ చేతికిచ్చేద్దాం, ఇవి ఫోటోల కోసమే కదా అనుకున్నాను.

పంచనామాకి ఇద్దరు సాక్షులు కావాలి. తలారి ఒకడు. గట్టు కింద గేదెల్ని మేపుకుంటున్న ఆయన్ని పిలిచి "నోటీసులు అంటించడం చూశారా?" అని అడిగాను.

"ఆయ్, చూసేనండీ. తలుపుకి అంటించేరు" అని నిజమే చెప్పి సంతకం పెట్టాడు.

మర్నాడు కాపీలు తీయలేదు. ఆ మర్నాడు ఏదో సర్వే వచ్చింది. తరవాత ఎవరిదో కుల ధ్రువీకరణ. పదిహేను రోజులూ అలా అయిపోయాయి. గట్టు మీంచి వెళ్ళవలసివచ్చినప్పుడు కిందినుంచి పొలాల గట్ల మీద చుట్టుతిరిగి వెళ్ళేవాణ్ణి.

పదహారో రోజున ఉత్తర్వు చిత్తుప్రతి రాసింది కూడా నేనే. "నోటీసులు సక్రమముగా జారీ అయి, తగినంత గడువు ఇచ్చినప్పటికీ, సదరు ఆక్రమణదారులు ఎట్టి సంజాయిషీ సమర్పించనందున, వారికి చెప్పుకొనుటకు ఏమియు లేదని భావించడమైనది" అని రాశాను. రాసి రెండుసార్లు చదువుకున్నాను, బాగుందనిపించింది. మేడంగారు ఫైలు చూసి "మీ ఫైలు అద్దంలా ఉందండీ, మిగతావాళ్ళు నేర్చుకోవాలి" అన్నారు. నేను వినయంగా తల దించుకున్నాను. దించుకోవలసిన తలే.

పాకలు తీసే రోజు ఖాయమైంది. పొక్లెయిన్ వస్తుందని రెండు రోజుల ముందు చెప్పిరావడం నా వంతు. ఈసారి తప్పించుకునే దారి లేదు. ఏట్లోంచి మగవాళ్ళు వచ్చేశారు, ఆడవాళ్ళూ ఇళ్ళ దగ్గరే ఉన్నారు. మూడో పాక ముందు అందరినీ పిలిచి, మొహం ఏటివైపు పెట్టి, ఎల్లుండి ఖాళీ చేయాలని చెప్పాను.

"అదేంటండీ, మాకో మాట చెప్పకుండానేనా?" అన్నాడెవరో వెనకనుంచి, చాలా మెల్లిగా.

"నోటీసిచ్చాం కదయ్యా, పదిహేను రోజులైంది" అన్నాను.

నేను ఎదురుచూసింది గొడవ. ఇవ్వలేదని అరుస్తారు, నేనూ అరుస్తాను, ఎవరి పాటికి వాళ్ళం వెళ్ళిపోతాం. అలా జరగలేదు. వాళ్ళు నన్ను నమ్మేశారు. వీఆర్వోగారు ఇచ్చామన్నాక ఇవ్వకపోవడమేమిటి? ఏడిళ్ళలోనూ ఒక్కసారిగా వెతుకులాట మొదలైంది. మూడో పాకలో కోడలు చీర మడతలు దులిపింది, బియ్యం డబ్బా బోర్లించింది, దేవుడి పటం వెనక చూసింది. ఏదీ కనబడక అత్తగారి మీద విరుచుకుపడింది.

"నువ్వే తీసుంటావు. చదువూ సంధ్యా లేదు, ఏ కాయితమైనా పొయ్యిలో పెట్టేయడమే. గవర్నమెంటు కాయితం! ఇప్పుడు ఎక్కడికి పోతాం చెప్పు?"

ముసలావిడ వంగి మంచం కిందనుంచి రేకు ట్రంకు లాగి, అందులోవన్నీ ఒక్కొక్కటే తీసి నా ముందు పెట్టడం మొదలెట్టింది. అట్టడుగున ప్లాస్టిక్ కవర్లో మడతపెట్టిన కాగితమొకటి తీసి, రెండు చేతులతో నాకిచ్చింది. "ఇదేనా బాబూ?"

అది నోటీసు కాదు. ఇళ్ళస్థలం పట్టా. చాలా ఏళ్ళ కిందట ఆవిడ పేరు మీద ఊరి చివర కాలనీలో ఇచ్చింది. కింద నాకంటే ముందున్న వీఆర్వో సంతకం ఉంది. నాది కాకపోవడం ఆ రోజు నాకు దక్కిన ఒకే ఒక్క అదృష్టం.

"ఇది మీకుందా?" అన్నాను.

"మా ఏడిళ్ళకీ ఇచ్చేరండీ" అన్నాడు ఆవిడ కొడుకు. "స్థలం చూపిత్తాం, సర్వేయరుగారొత్తారు అన్నారు. మరి రాలేదండి. చూపిత్తే మేమే ఎళ్ళిపోదుం. వరదొచ్చినప్పుడల్లా ఈ గట్టు మీద పిల్లల్నేసుకుని కూర్చోడం మాకు మాత్రం సరదాటండీ?"

ఒక్కసారి అడిగి ఉంటే చెప్పేది ఇదే. ఆ జాబితా మా ఆఫీసులోనే ఉంది, వేరే బీరువాలో. చెప్పుకొనుటకు ఏమియు లేదని భావించడమైనదని నేనే రాశాను. కుర్చీ అప్పటికే వేసి ఉంది, కానీ దానిమీద కూర్చునే మొహం లేదు. రేపు పొద్దున్నే పట్టా పట్టుకుని ఆఫీసుకి రమ్మని కోడలికి చెప్పి వచ్చేశాను. నిజం అప్పుడే చెప్పేయొచ్చు. చెప్పలేదు. ముసలావిడ కింద కూర్చుని సామాను మళ్ళీ ట్రంకులో సర్దుకుంటోంది.

మర్నాడు కోడలు ఉతికిన చీర కట్టుకుని ఆఫీసుకి వచ్చింది. మేడంగారు పట్టా చూశారు, బీరువాలోంచి జాబితా తెప్పించి పోల్చారు. "పదిహేను రోజుల్లో ఎప్పుడైనా ఇది తెచ్చి చూపించి ఉంటే ఆర్డరిచ్చేదాన్ని కాదు కదమ్మా" అన్నారు, నిజంగానే బాధపడుతూ. "నోటీసు అందాక కూడా మీరు రాకపోతే మేమేం చేస్తాం? రేపు మిషనొస్తోంది. అవతల గట్టు పని ఆగిపోయింది."

"పొరపాటైపోయిందండీ" అంది ఆవిడ చేతులు కట్టుకుని. "వీఆర్వోగారు ఇచ్చేరండీ. మా అత్తగారు ముసల్మనిషండి, ఎక్కడో పారేసింది. ఆయనగారి తప్పేం లేదండీ."

మేడంగారు నావైపు తిరిగారు. "సర్వ్ అయింది కదండీ?"

అవునంటే నేను బయటపడతాను, ఆ ఏడిళ్ళూ రేపు వరదకాలం ముందు రోడ్డున పడతాయి. రిటైర్మెంటుకి నాకు ఇంకా ఏడాది కూడా లేదు. నన్ను కాపాడటానికి సాక్ష్యం చెబుతున్నది ఎవరి ఇల్లు కూలుస్తున్నామో ఆ మనిషే. నాకు ఒళ్ళంతా సిగ్గేసింది. ధైర్యం వచ్చి నిజం చెప్పానని అనుకోకండి. ఆ సిగ్గు పట్టలేక చెప్పాను.

"లేదండి మేడం. నేను ఇవ్వలేదండి."

"అదేంటి, ఫోటోలున్నాయిగా?"

"ఆ తలుపు మాదండి."

"మీదంటే?"

"మా ఇంట్లోదండి. బాత్రూముదండి."

మేడంగారు ఫైలు తెరిచి ఏడు ఫోటోలూ టేబుల్ మీద వరసగా పరిచారు. ఏడిళ్ళకూ ఒకటే కుళ్ళిన అంచు, ఒకటే మేకు. ఆవిడ కళ్ళజోడు సర్దుకుని ఒక ఫోటో దగ్గరగా చూసి, "ఈ చుక్కలేంటండీ?" అన్నారు.

"మా ఆవిడ బొట్లండి."

సీనియర్ అసిస్టెంటు ఫైలు అడ్డం పెట్టుకుని బయటికి పరిగెత్తాడు. వరండాలో ఎవరో పగలబడి నవ్వారు. మేడంగారు కూడా నవ్వు ఆపుకోవడానికి కిటికీలోంచి బయటికి చూశారు. నవ్వనిది కోడలొక్కతే.

"అయితే మాకు కాయితం రాలేదాండీ?" అంది.

"రాలేదమ్మా."

"మా అత్తగారు పారేయలేదాండీ?"

"లేదమ్మా. నేనే చింపేశాను."

ఆవిడ గోడవారనున్న బెంచీ మీద కూర్చుండిపోయింది. "నిన్న మద్దేనం నించీ అన్నం తిన్లేదండి ఆవిడ. నేనలా తిట్టేసేనండి" అని కొంగు నోట్లో కుక్కుకుంది. నవ్వులు ఆగిపోయాయి.

మేడంగారు అప్పటికప్పుడు ఉత్తర్వు రద్దుచేసి, పొక్లెయిన్ ఆపించి, కొత్త నోటీసుల మీద సంతకాలు పెట్టారు. నాకు మెమో ఇచ్చారు. దానికి నేనిచ్చిన సంజాయిషీలో "సదరు తలుపు" అనే మాట పదకొండుసార్లు వచ్చిందని తరవాత ఎవరో లెక్కపెట్టి చెప్పారు. నా సర్వీసు రిజిస్టరులో ఎర్రసిరా ఎక్కింది. ఇప్పటికీ అమలాపురంలో ఏ ఆఫీసుకెళ్ళినా పాతవాళ్ళు నన్ను చూడగానే ముందు తలుపుకేసి చూస్తారు.

ఆ సాయంత్రమే కొత్త నోటీసులు తీసుకుని వెళ్ళాను. ఈసారి కుర్చీ వేసినా కూర్చోలేదు. ప్రతి గుమ్మం ముందూ నోటీసు పైకి చదివి, అర్థం చెప్పి, చేతిలో పెట్టాను. మూడో పాకలో ముసలావిడకి విడిగా చెప్పాను. "అమ్మా, మొదటి కాగితం నేను మీకు ఇవ్వనే లేదు. మీరు పారేయలేదు. తప్పు నాది."

"అలాగే బాబూ" అంది ఆవిడ.

విచారణ రోజున ఏడిళ్ళవాళ్ళూ వచ్చి ఒకే మాట చెప్పారు. స్థలం చూపించండి, మేమే వెళతాం. దానికి పట్టిన సమయం ఒక టీ తాగినంత. స్థలం చూస్తే మోకాలి లోతు గుంట. అది పూడ్చి ఇచ్చేదాకా గడువిచ్చారు. గట్టు పని అవతలి చివరినుంచి మొదలుపెట్టారు. మొదట్నుంచీ అలా చేసినా ఇబ్బంది ఉండేది కాదని ఇంజనీరుగారే అన్నారు. ఆ మాట కూడా అంతకుముందు ఆయన్ని ఎవరూ అడగలేదు.

గుంట పూడ్చాక, వాళ్ళు పాకలు విప్పుకునే రోజున నేనూ వెళ్ళాను. గట్టు ఖాళీ అయిందో లేదో చూడటానికని చెప్పాను గానీ, అసలు ఎందుకెళ్ళానో నాకూ సరిగ్గా తెలియదు. మగవాళ్ళు వాసాలు దించుతున్నారు. సామాను టాటా ఏస్‌లోకి ఎక్కిస్తున్నారు. కోడలు నన్ను చూసి నవ్వి, మంచినీళ్ళిచ్చింది.

ముసలావిడ మాత్రం కప్పులోంచి దించిన తాటాకు గుట్ట పక్కన కింద కూర్చుని ఉంది. ఒక్కొక్క ఆకే తీసి, మడత విప్పి, దులిపి, పక్కన పెడుతోంది. పొయ్యిలోకి ఏరుకుంటోందేమో అనుకుని దగ్గరికెళ్ళాను. నన్ను చూసి మోకాళ్ళ మీద చేతులానించి లేవబోయింది. లేవొద్దన్నాను.

"కప్పంతా ఎతికేను బాబూ. చూరులోగాని దోపేనేమోనని. ఆ కాయితం దొరకలేదు" అంది.

"అమ్మా, చెప్పాను కదా, నేను ఇవ్వలేదని."

ఆవిడ నావైపు జాలిగా చూసింది. "మీరు మంచోరు బాబూ. మా కోడలు నన్ను తిట్టకుండా ఆ మాటన్నారు. మీ ఉద్యోగానికి మాటొచ్చిందటగా, మా మూలాన."

నేను ఆవిడ పక్కనే కింద కూర్చుని మళ్ళీ మొదట్నుంచీ చెప్పాను. ఫంక్షను రోజు వచ్చామని, తలుపు తెచ్చామని, కాగితాలు చిరిగిపోయాయని, అంతా చెప్పాను. ఆవిడ మధ్యమధ్యలో "ఆయ్, ఆయ్" అంటూ శ్రద్ధగా వింది. అంతా అయ్యాక తల ఊపి, ఇంకో తాటాకు అందుకుని మడత విప్పింది.